కాళ్లల్లో చీమలు, పెనం మీద ఆకుకూర

మొదట కాళ్లల్లో తిమ్మిర్లు. ఒకే తీరున కూర్చుంటే ఎవరికైనా వస్తాయి కదా అని వదిలేశాను. 2022 అక్టోబర్ అది, ఇటలీలో, బొలోన్యాలో నా ఎం.ఎస్. రెండో ఏడాది. పొద్దున తొమ్మిదికి లైబ్రరీలో కూర్చుంటే రాత్రి ఏడింటికి లేచేదాన్ని, అందుకే వేరే కారణం వెతకాలని కూడా అనిపించలేదు. కానీ లేచి నడిచినా తిమ్మిరి పోయేది కాదు. అరికాళ్ల కింద ఎవరో పల్చగా దూది పరిచినట్టు, ఆ దూదిలో చీమలు పాకుతున్నట్టు.

తర్వాత నాలుక. ఎర్రగా, నున్నగా అయిపోయింది. అమ్మ పంపిన ఆవకాయ సంగతి అటుంచి, చారులో మిరియం తగిలినా మంటే. మా గది మూడో అంతస్తులో, లిఫ్ట్ లేదు, రెండో అంతస్తు దగ్గర ఆగి గోడ పట్టుకుని ఊపిరి తీసుకునేదాన్ని. అన్నిటికంటే ఎక్కువ భయపెట్టింది మాత్రం స్నానాల గదిలో జరిగింది. ముఖానికి సబ్బు రాసుకుని కళ్లు మూసుకోగానే ఒళ్లు ఒక పక్కకి ఒరిగిపోయేది. కళ్లు తెరిస్తే మామూలే. ఈ సంగతి ఇంట్లో చెప్పలేదు, నీరసంగా ఉందని మాత్రం చెప్పాను.

"రక్తం తగ్గిందే తల్లీ, ఆకుకూరలు బాగా తిను" అంది అమ్మ.

మాది గుడ్డు కూడా గడప దాటి లోపలికి రాని ఇల్లు. నీరసానికి మందంటే మాకు తోటకూర, పాలకూర, బెల్లం. నేనూ అదే నమ్మాను. బొలోన్యాలో మెర్కాతో దెల్లే ఎర్బే అని 1910 నాటి మార్కెట్ ఒకటుంది, ఆ పేరుకి అర్థమే ఆకుల బజారు. శనివారం వెళ్లి రెండు సంచుల నిండా పాలకూర, బియేతోలా తెచ్చుకునేదాన్ని. బియేతోలా అంటే బీట్‌రూట్ జాతి ఆకే, కాడ తెల్లగా వెడల్పుగా ఉంటుంది, ఆకు పాలకూర కంటే ముదురుగా ఉంటుంది. పప్పులో వేసుకుని రోజూ తిన్నాను. సూట్‌కేసులో ఊరి నుంచి తెచ్చుకున్న ఐరన్, ఫోలిక్ యాసిడ్ మాత్రలు కూడా మొదలుపెట్టాను. రెండు వారాలకి ఆయాసం కాస్త తగ్గినట్టనిపించింది, దాంతో దారి సరైనదే అనుకున్నాను. కాళ్లు మాత్రం ఇంకా మొద్దుబారాయి.

నవంబర్‌లో ఒక ఆదివారం స్నేహితులతో సాన్ లూకా కొండకి బయల్దేరాను. ఊరి నుంచి కొండ మీది చర్చి దాకా దాదాపు నాలుగు కిలోమీటర్లు కప్పు ఉన్న నడవా అది, మొత్తం 666 ఆర్చీలు. మెలొన్చెల్లో ఆర్చి దాకా నేల చదునుగా ఉంటుంది, ఎక్కుడు అక్కడే మొదలవుతుంది. నాలుగు మెట్లు ఎక్కాక కాలు ఎక్కడ పడుతోందో చూసుకుంటే తప్ప తెలియడం లేదని అర్థమైంది. కింద చూస్తేనే అడుగు పడుతోంది, తల ఎత్తితే లేదు. అక్కడే మెట్టు మీద కూర్చుండిపోయాను. మిగతావాళ్లని వెళ్లమని చెప్పి, ఏడ్చి, బస్సెక్కి వచ్చేశాను.

ఆ రాత్రి ఊళ్లో ఒక డాక్టరుగారితో నాన్న ఫోన్‌లో మాట్లాడించారు. పరాయి దేశం, పరీక్షలు, టెన్షన్, అంతే అన్నారాయన, నిద్ర పట్టడానికి మాత్రలు చెప్పారు. నేను నిద్రపోతూనే ఉన్నాను, రోజుకి పదకొండు గంటలు. అలా ఇంకో నెలన్నర పోయింది. పోగొట్టుకున్న ఆ నెలన్నర తలుచుకుంటే ఇప్పటికీ బాధగా ఉంటుంది.

జనవరిలో ఇక్కడి మెదికో ది బాజే దగ్గరికి, అంటే మన పేరు మీద రాసి ఉండే డాక్టర్ దగ్గరికి వెళ్లాను. (ఇక్కడ చదువుకునేవాళ్లు ఏడాదికి డబ్బు కట్టి ప్రభుత్వ ఆరోగ్య సేవలో పేరు రాయించుకోవచ్చు. నేను కట్టినప్పుడు 150 యూరోల లోపే, 2024 నుంచి విద్యార్థులకి 700 చేశారు. బరువే, అయినా కట్టండి.) నాకొచ్చిన ఇటాలియన్‌లో కాళ్లల్లో చీమలు పాకుతున్నాయని చెప్పాను. ఆవిడ వెంటనే "ఫొర్మికోలీయో" అంది. వాళ్లకీ తిమ్మిరి మాట చీమ నుంచే పుట్టిందట. అంతదూరం వచ్చాక నా బాధకి ఒక మాట ఉందని తెలియడమే సగం బరువు దించింది.

ఆవిడ మీటినప్పుడు గుయ్యిమనే ఒక ఇనుప కడ్డీని నా చీలమండ ఎముక మీద ఆనించి, అదురు తెలుస్తోందా అని అడిగింది. తెలియలేదు. మోకాలి మీద తెలిసింది. తర్వాత ఏం తింటావు, ఎన్నాళ్లుగా, ఏ మాత్రలు వాడతావు అని వరసగా అడిగింది. మాంసం, చేప, గుడ్డు ఎప్పుడూ లేవు. పాలు పెరుగు హైదరాబాద్‌లో ఉద్యోగం చేసేటప్పుడే మానేశాను, మొటిమలు వస్తున్నాయని. హాస్టల్ తిండికి కడుపులో మంటగా ఉందని మొదలుపెట్టిన గ్యాస్ మాత్ర మూడేళ్లుగా పరగడుపున రోజూ వేసుకుంటూనే ఉన్నాను, దాన్ని మందుగా లెక్కపెట్టాలని కూడా నాకు తోచలేదు. ఆ మాట విని ఆవిడ పెన్ను కింద పెట్టింది.

రక్తపరీక్షలో విటమిన్ బి12 98. రెండు వందల కంటే తగ్గితే తక్కువ కిందే లెక్క. హిమోగ్లోబిన్ 8.9. ఎర్రకణాల సైజు ఉండాల్సిన దానికంటే పెద్దది, 112, వంద దాటకూడదు. కడుపులో బి12ని పట్టుకునే పదార్థం మీద శరీరమే దాడిచేసే జబ్బు ఒకటుంది, దానికి చేసిన పరీక్షలో ఏమీ లేదని వచ్చింది. నాది తిండిలో లేకపోవడం, ఉన్న కాస్తా గ్యాస్ మాత్ర వల్ల సరిగ్గా ఒంటికి పట్టకపోవడం.

ఆకుకూరల్లో ఫోలేట్ ఉంటుంది (నేను వేసుకున్న ఫోలిక్ యాసిడ్ కూడా దాని రూపమే), బి12 ఉండదు. అది పాలు, గుడ్లు, చేప, మాంసం లాంటి వాటి నుంచే రావాలి. కాలేయంలో కొన్నేళ్లకి సరిపడా నిల్వ ఉంటుంది కాబట్టి మానేసిన వెంటనే ఏమీ తెలియదు. ఇంకో సంగతి నన్ను బాగా కుదిపేసింది. బి12 లేనప్పుడు ఫోలిక్ యాసిడ్ మాత్రలు ఒక్కటే వేసుకుంటే రక్తం కొంత మెరుగుపడుతుంది, కానీ నరాలు లోపల దెబ్బతింటూనే ఉంటాయి. ఆయాసం తగ్గి కాళ్లు మొద్దుబారడం అదే. కాళ్లల్లో తిమ్మిర్లు, నాలుక మంట, నీరసం మీకు కలిసి ఉంటే దయచేసి మాత్రలు మొదలుపెట్టకముందే బి12 చూపించుకోండి.

వెయ్యి మైక్రోగ్రాముల సూదులు రాశారు. వారం పాటు రోజూ ఒకటి, తర్వాత నెల పాటు వారానికొకటి, ఆపైన నెలకొకటి. రోజూ ఎవరు వేస్తారు? కింది అంతస్తులో డెబ్బై ఎనిమిదేళ్ల సిన్యోరా, అంటే పెద్దావిడ ఉంది, ఈ బిల్డింగులో సూది ఎవరికి కావాలన్నా ఆవిడే వేస్తుందని ఎదురింటివాళ్లు చెప్పారు. ఇటలీలో పాత ఇళ్లల్లో ఇలాంటి ఆవిడ ఒకరు ఉంటూనే ఉంటారు. తలుపు తీసి, నా చేతిలో మందుల పొట్లం చూసి, "రా, చిన్నా" అంది. నిజంగా అలాగే వినిపించింది. బొలోన్యాలో మగపిల్లాణ్ణి చిన్నో అని, ఆడపిల్లని చిన్నా అని అంటారని తర్వాత తెలిసింది. అప్పుడు మాత్రం గుమ్మంలోనే కళ్లు నిండిపోయాయి.

సూది వేసి, వంటింట్లో కూర్చోబెట్టి, ఒక ముక్క ముందు పెట్టింది. ఆకుపచ్చ పసుపు కలిసిన మందపాటి అట్టులాంటిది. బియేతోలా ఫ్రిటాటా. ఆకు నేను రోజూ తినేదే. అందులో గుడ్డు ఉంది, పార్మిజానో చీజ్ ఉంది. ఆ రోజు తినలేదు, సిన్యోరా బలవంతం కూడా పెట్టలేదు, కాగితంలో చుట్టి ఇచ్చింది.

గదికి వచ్చి అమ్మకి ఫోన్ చేసి, కళ్లు మూసుకుంటే ఒరిగిపోవడం దాకా మొత్తం చెప్పాను. అటు చాలాసేపు మాట లేదు. నాన్న ఫోన్ తీసుకుని, "మందనుకుని తిను అమ్మా, ఇందులో ఆలోచించడానికేముంది" అన్నారు. వెనక నుంచి అమ్మ గొంతు, "ఆకుకూర ఉందట కదండీ అందులో, తినమనండి." ఆ ముక్క చల్లగానే తిన్నాను. మొదట వాసన ఇబ్బందిపెట్టింది, అది నిజం. కానీ మూడు నెలల తర్వాత నాలుక మండకుండా తిన్న మొదటి తిండి అదే.

లెక్క కూడా చెప్పాలి. ఒక గుడ్డులో బి12 అర మైక్రోగ్రాము దాకా ఉంటుంది, పెద్దవాళ్లకి రోజుకి రెండున్నరకి అటూఇటూ కావాలంటారు. సూది ఒక్కదానిలో రెండు వేల గుడ్లంత. నన్ను లేపింది సూదే, ఫ్రిటాటా కాదు. ఫ్రిటాటా నాకు నేర్పింది ఆ తర్వాతి బతుకు, రోజూ ఏం తినాలో.

చేసే తీరు ఇదీ. ఆరు గుడ్లకి అరకిలో బియేతోలా, ఉడికితే ఇది రెండు గుప్పిళ్లే అవుతుంది. కాడలు వేరుచేసి ముందు మరిగే నీళ్లలో వేయాలి, నాలుగు నిమిషాలాగి ఆకు వేయాలి. వార్చి, చల్లారాక చేత్తో గట్టిగా పిండాలి, ఇంకా నీళ్లు లేవనుకున్నాక మళ్లీ ఒకసారి పిండాలి. తడి ఉంటే ఫ్రిటాటా విరిగిపోతుంది, రుచీ నీరుగారిపోతుంది. ఒక ఉల్లిపాయ సన్నగా తరిగి ఆలివ్ నూనెలో సన్న సెగ మీద పది నిమిషాలు మగ్గనివ్వాలి, ఎర్రబడకూడదు. ఆకు సన్నగా తరిగి అందులో కలిపి, దించి, కాస్త ఆరనివ్వాలి. గుడ్లని నురగ వచ్చేలా గిలక్కొట్టకూడదు, ఫోర్కుతో కలిస్తే చాలు. అరవై గ్రాముల తురిమిన చీజ్, మిరియాల పొడి, కొంచెం జాజికాయ, ఉప్పు చూసి వేయాలి ఎందుకంటే చీజ్‌లోనే ఉప్పుంటుంది. అన్నీ కలిపి పెనంలో పోసి మూతపెట్టి సన్న సెగ మీద ఎనిమిది, పది నిమిషాలు. అంచులు గట్టిపడి నడిమధ్య మాత్రం కొంచెం కదులుతుండగా, పెనం కంటే పెద్ద పళ్లెం బోర్లించి, ఒక్క ఊపులో తిరగేసి, మళ్లీ పెనంలోకి జార్చాలి. ఇంకో మూడు నిమిషాలు. ఆమ్లెట్‌లా మడవరు, వేడివేడిగా కంటే ఆరాకే రుచి.

ఆ తిరగేయడం నా వల్ల అయ్యేది కాదు. వేళ్లకి కూడా మొద్దుతనం వచ్చేసింది, పెనం పిడి ఎంత గట్టిగా పట్టుకున్నానో తెలిసేది కాదు. జనవరంతా సిన్యోరాయే తిరగేసింది.

చీజ్ సంగతి ఒకటి తేల్చుకోవాల్సి వచ్చింది. పార్మిజానో రెజ్జానోలో పాలు విరగడానికి దూడ కడుపులోంచి తీసిన పదార్థం వేస్తారు, నిబంధనల ప్రకారం అదే వేయాలి. మార్కెట్‌లో అడిగితే అమ్మేవాడు దాచకుండా చెప్పాడు. గుడ్డుకి ఒప్పుకున్న మనసు దీనికి ఒప్పుకోలేదు. లేబుల్ మీద "కాల్యో వెజెతాలే" అని ఉన్న గట్టి చీజ్ వెతికి అదే వాడుతున్నాను. సిన్యోరాకి అది నచ్చదు, అయినా నా కోసం ఇంట్లో ఒక ముక్క ఉంచుతుంది.

వారానికి నాలుక నెమ్మదించింది. రెండో వారంలో తిమ్మిర్లు తగ్గకపోగా పెరిగాయి, వణికిపోయాను. నరాలు కోలుకునేటప్పుడు అలా జరగొచ్చు, సూదులు ఆపొద్దు అంది డాక్టర్. గ్యాస్ మాత్ర ఆవిడ చెప్పినట్టు మెల్లగా తగ్గిస్తూ మానేశాను, పెరుగన్నం మళ్లీ మొదలుపెట్టాను. మార్చి చివరికి హిమోగ్లోబిన్ 12 దాటింది. ఆ నెలలోనే ఒకరోజు సబ్బు ముఖంతో కళ్లు మూసుకుని నిలబడి ఉన్నానని కడుక్కున్నాక గానీ గుర్తురాలేదు.

ఈస్టర్ మర్నాటి సోమవారం ఇక్కడ అందరూ తిండి కట్టుకుని ఆరుబయటికి పోతారు, ఫ్రిటాటా లేని సంచి ఉండదు. 2023లో అది ఏప్రిల్ 10. ముందు రాత్రి నా వంటింట్లో నేనే చేశాను. పళ్లెం బోర్లించి, ఊపిరి బిగబట్టి తిరగేశాను, ఒక పక్క కాస్త చిరిగింది. పొద్దున మెలొన్చెల్లో దాటాక తల ఎత్తే నడిచాను. మధ్యలో నాలుగుసార్లు కూర్చున్నాను గానీ పైదాకా వెళ్లాను. అమ్మకి వీడియోలో డబ్బా చూపిస్తే, "అంత మందంగా ఉంటే లోపల ఉడుకుతుందా?" అని అడిగింది.

ఇప్పటికీ ఎడమ కాలి చివరి రెండు వేళ్లు సగం నిద్రలోనే ఉన్నాయి. అవి పూర్తిగా రాకపోవచ్చని డాక్టర్ చెప్పింది. నెలకొక సూది నడుస్తోంది. సూది వేయించుకోవడానికి కిందికి దిగేటప్పుడు ఒక ముక్క పళ్లెంలో పెట్టుకుని వెళ్తాను, సిన్యోరా ముందు ఆ ముక్క తిని, తర్వాత చేతులు కడుక్కుని, అప్పుడు సూది తీస్తుంది.