తాతయ్య రంగులు: ఒక బియర్డెడ్ డ్రాగన్‌తో నా అనుభవం

గొంతు కింద గడ్డంలా ముళ్ళ చర్మం ఉండే బల్లి జాతి పెంపుడు జీవి బియర్డెడ్ డ్రాగన్. దాన్ని ఇంటికి తెచ్చుకున్నవాళ్ళు మొదటి నెలలో ఫోన్ తీసి వెతికే ప్రశ్న ఒకటుంది: "ఇది ఎందుకు నల్లబడింది?" నేనూ వెతికాను. చలికి అని ఒకరు, భయానికి అని ఒకరు, కడుపులో నొప్పి అని మరొకరు, ఏమీ కాదు వదిలేయమని ఇంకొకరు. అన్నీ నిజమే కావడంతోనే చిక్కు వచ్చిపడింది. మా ఇంట్లో ఉన్నదానికి వీటిలో ఏది వర్తిస్తుందో తేల్చుకోవడానికి నాకు శీతాకాలం మొత్తం పట్టింది.

మేముండేది డాలస్ దగ్గర ఫ్రిస్కోలో. మా కమ్యూనిటీలోనే ఉన్న ఒక తెలుగు కుటుంబం ఇండియాకి తిరిగి వెళ్ళిపోతూ సోఫాలు, సైకిళ్ళు అమ్మేసింది. డ్రాగన్ని మాత్రం అమ్మడానికి వాళ్ళకి మనసొప్పలేదు. ట్యాంకు, లైట్లు, తిండి డబ్బాలతో సహా మా వాడి చేతిలో పెట్టారు. "మగది, ఏడాదిన్నర ఉంటుంది, చాలా మంచివాడు" అన్నారు. గడ్డం ఉంది కాబట్టి మా వాడు దానికి 'తాతయ్య' అని పేరు పెట్టాడు. ఈ సంగతి మా నాన్నగారికి ఇప్పటికీ చెప్పలేదు.

వీడియో కాల్లో చూసి తెనాలి నుంచి మా అమ్మ, "అదేం ఖర్మే, తొండని తెచ్చి ఇంట్లో పెట్టుకున్నారా?" అంది. ఆవిడ అన్నదాంట్లో తప్పేం లేదు. మన కంచెల మీద తలూపుతూ కూర్చునే తొండా, ఇదీ ఒకే కుటుంబం. అగామిడే అంటారు. మగ తొండకి జత కట్టే కాలంలో గొంతు ఎర్రబడుతుంది. అది చూసే చిన్నప్పుడు మనం రక్తం పీలుస్తుందని భయపడి రాళ్ళు వేసేవాళ్ళం. తాతయ్య జాతి సొంత ఊరు ఆస్ట్రేలియా లోపలి ఎండు నేలలు. అక్కడి జంతువుల్ని వ్యాపారానికి బయటికి పంపడం 1960ల నుంచే నిషేధం. ఇక్కడ దొరికేవి దాదాపు అన్నీ ఇక్కడే గుడ్డు పగిలి పుట్టినవి. తాతయ్య పుట్టుకతో అమెరికన్, మా వాడూ అంతే.

వచ్చిన కొత్తలో కనిపించినవి పొట్ట మీది చారలు. లేత గోధుమ రంగు పొట్ట మీద అటూ ఇటూ వరసగా కోలగా ఉన్న ముదురు మచ్చలు, వాటి మధ్య సన్నటి అలల్లాంటి గీతలు. పెంచేవాళ్ళు వీటిని స్ట్రెస్ మార్క్స్ అంటారు. పొద్దున చూస్తే పెన్సిల్‌తో గీసినంత పల్చగా ఉండేవి, స్కూలు వదిలి పిల్లలు ఇంటికొచ్చే వేళకి బొగ్గు రంగుకి తిరిగేవి. తిండి ముట్టేది కాదు. కారు ప్రయాణం, కొత్త గది, ఎదురుగా టీవీ, పైగా అద్దంలో దాని నీడే దానికి పోటీగా వచ్చిన ఇంకో డ్రాగన్‌లా కనబడటం... చారలు రాకపోతేనే ఆశ్చర్యం. ట్యాంకుకి మూడు వైపులా నల్ల కాగితం అంటించాం, టీవీకి దూరంగా జరిపాం, మా వాడి ఫ్రెండ్స్‌కి కొన్నాళ్ళు దర్శనం బంద్ చేశాం. చారలు పల్చబడ్డాయి.

ఆ రోజుల్లోనే ఫోన్లో ఫోటోలు తీసి దాచడం మొదలుపెట్టాను. లైట్లు వేయకముందు ఒకటి, వేసిన గంటకి ఒకటి, మధ్యాహ్నం ఒకటి, రాత్రి ఒకటి. వీపు, గడ్డం, పొట్ట విడివిడిగా. ఫోటోలో పక్కన ఒక తెల్ల కాగితం పెట్టాలి. లేదంటే అది వేడి కాచుకోవడానికి పెట్టే బాస్కింగ్ లైటు పసుపుకి ఫోన్ కెమెరా తన ఇష్టమొచ్చిన రంగు చూపిస్తుంది, మనం లేని జబ్బుని వెతుక్కుంటూ కూర్చుంటాం.

ఫోటోలు వరసగా పెట్టి చూస్తే ఒక విషయం స్పష్టంగా తేలింది. వీపు రంగు ఒక లెక్క ప్రకారం మారుతోంది, గడ్డమూ పొట్టా ఇంకో లెక్క ప్రకారం. ఇది నా సొంత తెలివేం కాదు. 2016లో మెల్‌బోర్న్ యూనివర్సిటీ పరిశోధకులు ఇదే జాతి మీద ఇదే సంగతి చూపించారు. వీపు ఒంటి వేడిని బట్టి మారుతుంది, గడ్డం, ఛాతీ ఎదుటి జంతువుకి సైగ చేయడానికి మారతాయి. చర్మంలోని కణాల్లో మెలనిన్ అనే నల్ల రంగు రేణువులుంటాయి. అవి కణమంతా పరుచుకుంటే ముదురు, మధ్యకి ముడుచుకుంటే లేత. ఈ ఒక్క ముక్క ముందే తెలిసుంటే నాకు సగం టెన్షన్ తప్పేది. "నల్లబడింది" అని ఎవరైనా అంటే ఇప్పుడు నేనడిగే మొదటి మాట, "ఎక్కడ?"

పొద్దున లైటు వేయగానే తాతయ్య రాయెక్కి, పక్కటెముకలు విప్పి, పెనం మీద దోశలా పరుచుకుంటుంది. వీపు చాక్లెట్ రంగు. నల్ల చొక్కా వేసుకుని ఎండలో నిలబడితే మనకేమవుతుందో దానికి అదే కావాలి. ఒళ్ళు కాగాక వీపు ఇసుక రంగుకి దిగుతుంది, నోరు తెరుచుకుని కూర్చుంటుంది. అది కోపం కాదు, ఎక్కువైన వేడి వదలడం. కోపమైతే గడ్డం ఉబ్బి నల్లబడి ఉంటుంది.

మా చిక్కు ఏమిటంటే, మొదట్లో మధ్యాహ్నమైనా వీపు లేతబడేది కాదు. ట్యాంకు గోడకి అంటించి ఉన్న గుండ్రటి థర్మామీటర్ 100 ఫారెన్‌హీట్ చూపించేది. అది చూపించేది ఆ గోడ వేడి, కూర్చునే రాయి వేడి కాదు. వంటింటి సామాన్లలో పడున్న టెంపరేచర్ గన్ రాయి మీదికి గురిపెడితే 84. పెద్ద డ్రాగన్‌కి రాయి పైభాగం 100 నుంచి 105 దాకా, అంటే 40 సెల్సియస్ అటూ ఇటూ ఉండాలి, ట్యాంకు రెండో చివర 80 ఫారెన్‌హీట్ చుట్టూ చల్లగా ఉండాలి. బల్బు మార్చి, రాయి కింద ఇంకో పలక పెట్టి ఎత్తు చేశాం. వీపు మామూలుగా లేతబడటం మొదలైంది, తిండి కూడా పెరిగింది. వేడి చాలకపోతే వీటికి తిన్నది అరగదు.

ఎండలోని యూవీబీ (ఒక రకం అతినీలలోహిత) కిరణాల కోసం పెట్టే ట్యూబ్ వెలుగుతూనే ఉంది కానీ ఎప్పుడు కొన్నారో ఎవరికీ తెలీదు. వెలుతురు ఉన్నంత మాత్రాన యూవీబీ ఉన్నట్టు కాదు, అది కంటికి కనబడకుండా తగ్గిపోతుంది. కొత్త ట్యూబ్ వేసి మూత మీద మార్కర్‌తో తేదీ రాశాను. కిటికీ ఎండ సరిపోతుంది కదా అన్నారు మావారు. గాజు యూవీబీని ఆపేస్తుంది. అది లేకపోతే ఒంట్లో విటమిన్ డి3 తయారవదు, డి3 లేకపోతే కాల్షియం ఒంటికి పట్టదు, ఎముకలు మెత్తబడతాయి.

రాత్రిళ్ళు ఇంకో గొడవ. నీళ్ళు తాగడానికి లేచిన మా వాడు టార్చి వేసి చూసి "అమ్మా, తాతయ్య తెల్లగా అయిపోయాడు!" అని కేకేశాడు. నిజంగానే పాలిపోయి, కాళ్ళు వెనక్కి చాపి, చచ్చినట్టు పడుంది. నిద్రంతే. వీటి చర్మానికి సొంత గడియారం ఉంటుంది. పూర్తి చీకట్లో ఉంచినా రాత్రి వేళకి లేతబడే అలవాటు కొనసాగుతుందని 2014లో అదే మెల్‌బోర్న్ బృందం రాసింది. కుబుసం విడిచేముందు ఒళ్ళు బూడిద పూసినట్టు మసకబారడం కూడా ఇలాంటి మామూలు విషయమే. చేత్తో లాగకుండా ఉంటే చాలు.

గడ్డం సంగతి వేరు. వాక్యూమ్ క్లీనర్ ఆన్ చేస్తే నిమిషంలో నల్లబడుతుంది, ఆపేసిన కాసేపటికి మామూలవుతుంది. కారణం కనబడుతోంది, అది పోగానే రంగూ పోతోంది. దానికి డాక్టర్ అక్కర్లేదు, వాక్యూమ్ వేసేటప్పుడు ట్యాంకు మీద దుప్పటి కప్పితే సరి.

మార్చిలో ఈ లెక్క తప్పింది. గడ్డం పొద్దున్నుంచి సాయంత్రం దాకా మసి రంగులోనే. టెంపరేచర్ సరిగ్గానే ఉంది, కొత్త మనుషులు రాలేదు, వాక్యూమ్ తియ్యలేదు. అంతకుముందు వారం ఆవురావురుమని తిన్నది ఉన్నట్టుండి ఆకు ముట్టడం మానేసింది. ముందుకాళ్ళతో అద్దాన్ని గీకుతూ అటూ ఇటూ తిరగడం, మూలకెళ్ళి ఆగకుండా తవ్వడం. పొట్ట చారలు మళ్ళీ వచ్చాయి, పొట్టే కాస్త ఎగుడుదిగుడుగా అనిపించింది. చుట్టుపక్కల క్లినిక్కులకి ఫోన్ చేస్తే కుక్కలూ పిల్లులూ తప్ప చూడమన్నారు. సరీసృపాల వెటర్నరీ డాక్టర్ల సంఘం ఏఆర్‌ఏవీ వెబ్‌సైట్లో ఊరి పేరు కొట్టి వెతికితే కారులో వెళ్ళగలిగే దూరంలో ఒకాయన దొరికారు.

ఆయన నా ఫోటోలన్నీ ఓపిగ్గా చూశారు. తర్వాత తాతయ్యని అరచేతిలో బోర్లా పడుకోబెట్టి, తోకని మెల్లగా పైకెత్తి, కింద టార్చి పెట్టారు. మగదానికి తోక మొదట్లో రెండు పక్కలా రెండు ఉబ్బులు, మధ్యలో పల్లం ఉంటాయట. దీనికి ఆ రెండూ లేవు. ఎక్స్‌రేలో పొట్టంతా గుండ్రటి నీడలు. "ఇది ఆడది, కడుపుతో ఉంది" అన్నారు. మా వాడు నా మొహంలోకి చూశాడు. మగతోడు లేకపోయినా ఇవి గుడ్లు పెడతాయి, అవి పొదిగినా పిల్లలవవు. గుడ్లు బయటికి రాకుండా ఇరుక్కుంటేనే ప్రాణం మీదికొస్తుంది.

ఆయన చెప్పినట్టే పెద్ద ప్లాస్టిక్ డబ్బాలో మట్టీ ఇసకా కలిపి, పిడికిట పడితే ముద్దయ్యేంత తడిపి, జానెడు పైన లోతుగా నింపాం. సొరంగం తవ్వితే కూలకూడదు, అదీ కొలత. తవ్వడం మొదలెట్టాక తొంగి చూడొద్దన్నారు. నేను గదిలోకి వెళ్ళలేదు గానీ తలుపు సందులోంచి చూశాను. తోక తప్ప ఏమీ కనబడనంత లోపలికి దూరింది, తర్వాత వెనక్కి తిరిగి తల మాత్రం బయట పెట్టి కూర్చుంది. మధ్యాహ్నం పోయాక బయటికొచ్చి మూతితో మట్టి తోసి కప్పడం మొదలుపెట్టింది. ఒళ్ళంతా మట్టి, పొట్ట వేలాడే చర్మం. గడ్డం అప్పటికింకా నల్లగానే ఉంది, మర్నాటి పొద్దున్న లేత పసుపు.

"తాతయ్యకి పురుడొచ్చిందా!" అని అమ్మ పడీ పడీ నవ్వింది. పత్యం ఏం పెడుతున్నావని మాత్రం మర్చిపోకుండా అడిగింది. కాల్షియం పొడి అద్దిన పురుగులు, కొల్లార్డ్ అనే కాబేజీ జాతి ఆకు, ఆవ ఆకు, నీళ్ళు. పాలకూర రోజూ పెట్టకూడదు, గోంగూర అసలొద్దు, వాటిలోని ఆక్సాలిక్ ఆమ్లం కాల్షియాన్ని పట్టేసుకుంటుంది. అవకాడో విషం. పెరట్లో మిణుగురులు కనిపిస్తే దీన్ని బయటికి వదలకండి, ఒక్కటి మింగినా చచ్చిపోతుంది.

కొన్ని వారాలకి మళ్ళీ గడ్డం ముదిరింది. ఈసారి ఫోటో చూడగానే డబ్బా తీసి మట్టి తడిపాం. అదేం గొడవ చేయకుండా తన పని చేసుకుపోయింది.

గడ్డం రోజంతా నల్లగా ఉండి, రాయి వేడి సరిగ్గానే ఉండి, దానికి తోడు తిండి మానేయడం, కళ్ళు లోపలికి పోవడం, కాళ్ళు వణకడం, వెనక కాళ్ళు ఈడ్చడం, చర్మం మీద పసుపు పచ్చ పొక్కులు కట్టడం, రోజుల తరబడి తవ్వి గుడ్లు పెట్టకుండానే నీరసించడం... వీటిలో ఏ ఒక్కటి కనబడినా నెట్లో వెతకడం ఆపి డాక్టర్ దగ్గరికి తీసుకెళ్ళండి. పోయేటప్పుడు తాజా పెంటిక ఒకటి చిన్న డబ్బాలో పట్టుకెళ్ళండి, పరాన్నజీవుల పరీక్షకి ఎలాగూ అడుగుతారు.

మాలాగా ఇండియాకి వెళ్ళేవాళ్ళ దగ్గర తీసుకునే ఆలోచనుంటే యూవీబీ ట్యూబ్ ఎప్పుడు మార్చారో అడగండి, టెంపరేచర్ గన్ మీది మీరు పట్టుకెళ్ళండి. మగో ఆడో వాళ్ళే చెబుతారు. ఊఁ కొట్టి, తోకెత్తి మీరే చూసుకోండి.