చీలమండకు ఎంత శాతం?

రోడ్డు ప్రమాదం కేసు అనగానే ఎవరైనా ముందు అడిగేది, "డాక్టర్ ఎంత పర్సంటేజీ రాశారు?" అని. నన్నూ అదే అడిగారు. నేను కొట్లాడింది మాత్రం ఆ సర్టిఫికెట్లో కనిపించని ఇంకో శాతం కోసం.

నేను టైలర్‌ని. రోడ్డు పక్కన నడుస్తుంటే వెనక నుంచి కారు గుద్దింది. కుడి చీలమండ విరిగితే ప్లేటు, స్క్రూలు వేశారు. ఎముక అతికింది గానీ పాదం మునుపటిలా వంగదు. మెడికల్ బోర్డు 20 శాతం వైకల్యం అని రాసిచ్చింది.

మోటారు వాహనాల చట్టంలో సెక్షన్ 164 కింద అయితే ఎవరి తప్పో నిరూపించే పని లేదు, తీవ్ర గాయానికి రెండున్నర లక్షలు ఇస్తారు, అంతటితో సరి. సెక్షన్ 166 కింద డ్రైవర్ నిర్లక్ష్యం చూపించాలి, కానీ జరిగిన నష్టమంతా అడగొచ్చు. నా పనే పోయే పరిస్థితి కాబట్టి 166 కిందే వేశాం. క్రిమినల్ కేసులోలా అనుమానానికి తావు లేకుండా నిరూపించనక్కర్లేదు. ఎఫ్ఐఆర్, ఛార్జిషీటు, నా సాక్ష్యం సరిపోయాయి. ప్రమాదం ఎక్కడ జరిగినా మనం ఉండే చోటి ట్రైబ్యునల్లో, అంటే ప్రమాద పరిహారం కేసులు చూసే కోర్టులో, కేసు వేసుకోవచ్చు. ప్రమాదం జరిగిన ఆరు నెలల్లోపే కేసు వేయాలన్న గడువు 2022 ఏప్రిల్ 1 నుంచి పెట్టారు. మంచం మీద ఉన్న మనిషికి ఆరు నెలలు ఇట్టే అయిపోతాయి. అందుకే నేను ఆస్పత్రిలో ఉండగానే మా తమ్ముడు గాయాల సర్టిఫికెట్, డిశ్చార్జి సమ్మరీ, మందుల బిల్లులు అన్నీ ఒక ఫైల్లో పెట్టాడు.

అసలు చిక్కు ఆదాయం దగ్గర వచ్చింది. జీతం స్లిప్పు లేదు, ఐటీ రిటర్నులు లేవు. నా దగ్గర ఉన్నవి కొలతల పుస్తకాలే. ఒక్కో పేజీలో కొలతలు, పిన్నుతో గుచ్చిన గుడ్డముక్క, ఇవ్వాల్సిన తేదీ, కూలి. ప్రమాదం జరిగిన వారం దాకా పేజీలు నిండి ఉన్నాయి, ఆ తర్వాత అన్నీ ఖాళీ. అద్దె కాగితంతో పాటు వాటినీ దాఖలు చేశాం. జడ్జిగారు పేజీలు తిప్పి చూశారు. నేను చెప్పినంత ఆదాయం ఒప్పుకోలేదు గానీ, మామూలు కూలి లెక్క కంటే ఎక్కువే తీసుకున్నారు.

మధ్యలో లోక్ అదాలత్‌లో రాజీకి పిలిచారు. ఇన్సూరెన్స్ వాళ్లు లెక్క కట్టింది సరిగ్గా ఆ 20 శాతం మీదే. త్వరగా డబ్బు చేతికొస్తుందని ఇంట్లో వాళ్లకు ఆశ. నాకు మనసొప్పలేదు. అవసరంలో ఉండి ఒప్పుకున్న వాళ్లను నేను తప్పు పట్టను.

క్రాస్‌లో, అంటే ఎదుటి పక్షం ప్రశ్నలు వేసేటప్పుడు, ఇన్సూరెన్స్ లాయర్ గారు, "మోటారు మిషన్ పెట్టుకుంటే తొక్కే పని ఉండదు కదమ్మా?" అన్నారు. వినడానికి న్యాయంగానే ఉంటుంది. "మోటారున్నా వేగం పాదంతోనే కదండీ. చంక దగ్గర, మెడ దగ్గర కుట్టేటప్పుడు కొంచెం కొంచెంగా నొక్కాలి. నా పాదం నొక్కితే పూర్తిగా నొక్కుతుంది, లేదంటే అసలు నొక్కదు. కటింగేమో గంటలకొద్దీ నిలబడి చేయాలి" అని చెప్పాను. ఆ మాటలు అలాగే రికార్డు చేశారు. నాకు ఆపరేషన్ చేసిన డాక్టర్ గారు కూడా వచ్చి, పాదం ఎంత వంగుతుందో, ఎంతసేపు నిలబడితే వాపు వస్తుందో చెప్పారు. ఆయన రాకపోతే నా మాట ఒంటరిదయ్యేది.

మా లాయర్ గారు ఆధారం చేసుకున్నది 2011లో సుప్రీంకోర్టు ఇచ్చిన రాజ్‌కుమార్ తీర్పు. శరీరానికి ఎంత శాతం వైకల్యం అన్నది వేరు, దానివల్ల ఆ మనిషి సంపాదన ఎంత దెబ్బతింది అన్నది వేరు అంటుంది ఆ తీర్పు. ఎడమ చెయ్యి పోతే డ్రైవర్‌కో వడ్రంగికో బతుకుతెరువే పోవచ్చు, గుమాస్తా ఉద్యోగం నిలబడొచ్చు. నాకు ఈ తీర్పే ప్రాణం పోసింది. ట్రైబ్యునల్ నా సంపాదన నష్టాన్ని 35 శాతంగా తీసుకుంది. నలభై లోపు వయసు, సొంత పని కాబట్టి, ముందు ముందు పెరిగే సంపాదన కింద ఆదాయానికి 40 శాతం కలిపారు. ఏడాది ఆదాయాన్ని ఎంతతో హెచ్చించాలో వయసును బట్టి ఒక గుణకం ఉంటుంది, నా 38 ఏళ్లకు అది 15. ఏడాది ఆదాయాన్ని అలా పెంచి, 15తో హెచ్చించి, అందులో శాతం తీస్తారు. అక్కడ 20 బదులు 35 పడితే ఆ పద్దు కింద వచ్చేది ఒకటిముప్పావు రెట్లు. వైద్యం ఖర్చు, పని చేయలేని నెలల ఆదాయం, నొప్పికీ బాధకీ, ముందు ముందు ప్లేటు తీయించడానికీ విడిగా ఇచ్చారు. పిటిషన్ వేసిన తేదీ నుంచి వడ్డీ కూడా.

డబ్బు జమైంది, కొంత చేతికిచ్చి మిగతాది ఫిక్సెడ్ డిపాజిట్లో వేయమన్నారు. ఇప్పుడు కేసు నడుస్తున్నవాళ్లు మీ డాక్టర్ సాక్ష్యానికి వెళ్లేముందే ఒకసారి కలవండి. మీరు రోజూ ఎలా కూర్చుంటారో, ఏం ఎత్తుతారో, ఎంతసేపు నిలబడతారో ఆయనకు చేసి చూపించండి. ఎక్స్‌రేలో అది కనిపించదు.