హనుమకొండలో డెన్మార్క్ మూకీ ఆడించాలంటే

డెన్మార్క్ దర్శకుడు కార్ల్ డ్రేయర్ 1925లో తీసిన మూకీ ‘మాస్టర్ ఆఫ్ ద హౌస్’ మొగుడి పెత్తనం కూలిపోయే కామెడీ. వ్యాపారం పోగొట్టుకున్న విక్టర్, భార్య ఇడాను అయినదానికీ కానిదానికీ కసురుతుంటాడు. చిన్నప్పుడు వాణ్ణి పెంచిన ముసలి దాది మ్యాడ్స్ ఆమెను విశ్రాంతికి పంపించేసి, ఇంటి చాకిరీ అంతా వాడి నెత్తిన పెడుతుంది.

కథ దాదాపు ఆ చిన్న ఇంట్లోనే నడుస్తుంది. స్టూడియోలో గ్యాసు, నీళ్లు, కరెంటుతో సహా ఇల్లు కట్టించాడు డ్రేయర్. అందుకే విషయమంతా చేతులు చేసే పనుల్లో ఉంటుంది. ఇడా తన రొట్టె మీది వెన్న గీకి మొగుడి రొట్టెకు పూస్తుంది, అది వెనక వరుసకూ కనిపించాలి. కిటికీలు పూర్తిగా మూయండి. ప్రొజెక్టరును 4:3లో పెట్టండి, తెర నిండా సాగదీస్తే మొహాలు వెడల్పవుతాయి.

మూకీల్లో మనుషులు ఉరికినట్టు నడవడం చాలాసార్లు దర్శకుడి హాస్యం కాదు. సెకనుకు 20 ఫ్రేములతో తీసింది 24తో ఆడితే అట్లే ఉంటది. అలాంటి కాపీ దొరికితే వీఎల్‌సీ ప్లేయర్‌లో వేగం 0.83కు తగ్గించండి. డిస్కులో కొత్తగా కలిపిన సంగీతానికి వేరే హక్కులుంటాయి, ఎట్లాగూ దాన్ని ఆపేసి మన వాళ్లతో వాయిస్తారు కాబట్టి ఆ ఇబ్బంది లేదు.

అసలు తిప్పలు తెలుగు అక్షరాలతో. సబ్‌టైటిల్ ఫైలును తెలుగు అక్షరాలు నిలిచే యూటీఎఫ్-8 పద్ధతిలో భద్రం చేసినా, పెన్‌డ్రైవ్‌తో టీవీకి పెడితే చాలాసార్లు ఒత్తులు విడిపోతాయి, లేదంటే డబ్బాలు వస్తాయి. హ్యాండ్‌బ్రేక్ అనే వీడియో సాఫ్ట్‌వేర్‌తో సబ్‌టైటిళ్లను బొమ్మలోనే ముద్రించేయండి. ముందుగా ‘స్త్రీ’ అన్న మాట గోడ మీద వేసి చూడండి. అది సరిగ్గా పడితే మిగతావీ చాలావరకు పడతాయి. ఒక్కో మాట రెండుసార్లు నిదానంగా చదివేంత సేపు ఉండాలి. తెర మీద మాటలు చూపించే కార్డు కంటే ముందే సబ్‌టైటిల్ పడితే జోక్ చచ్చిపోతుంది. మ్యాడ్స్‌కు పుస్తకాల తెలుగు అస్సలు వద్దు, “పో కొడుకా, మూలకు నిలబడు” అనాలి.

సంగీతానికి ఒగ్గు డోలు పిలుస్తామంటారు కొందరు. మొదటి సగానికి హార్మోనియం చాలు. మ్యాడ్స్ తిరగబడ్డాకే డోలు. ఒగ్గు కళాకారులకు కథను తామే నడిపే అలవాటు, ఇక్కడ నడిపేది తెర. కాబట్టి వాళ్లను తెర కనిపించేట్టు పక్కకు కూర్చోబెట్టి, వాళ్ల లైటు తెర మీద పడకుండా మూత పెట్టండి.

ఇంటర్వెల్ ఇడా ఇల్లు దాటాకే ఇవ్వండి. అంతకుముందే ఇస్తే విక్టర్ మీద కోపంతో చాయ్‌కి లేచినోళ్లు మళ్లీ రారు.