వేళ్ల కింద కొట్టుకున్నది నా నాడే

ఎమర్జెన్సీ వార్డులో నర్సుగా నాకది మొదటి ఏడాది. గుండె ఆగిన పేషెంట్‌కి సీపీఆర్ నడుస్తోంది, అంటే ఛాతీ నొక్కుతూ రక్తం నడిపిస్తున్నాం. రెండు నిమిషాలు కాగానే డాక్టర్ "ఆపండి, పల్స్ చూడండి" అన్నారు. మెడకు దగ్గరగా ఉన్నది నేనే. గొంతు ముడి పక్కన పల్లంలో రెండు వేళ్లు పెట్టాను. టకటకా తగిలింది. "ఉంది సార్" అనేశాను.

మానిటర్ మీద మాత్రం గీత అడ్డదిడ్డంగా వణుకుతోంది. వెంట్రిక్యులర్ ఫిబ్రిలేషన్. అందులో గుండె అదురుతుందే తప్ప రక్తాన్ని నెట్టదు, నాడి ఉండే ప్రసక్తే లేదు. డాక్టర్ నన్నేమీ అనలేదు. గుండెకు కరెంట్ షాక్ ఇచ్చి, వెంటనే మళ్లీ ఛాతీ నొక్కడం మొదలుపెట్టించారు. టెన్షన్‌లో నా గుండె దడే నా వేలి కొసల్లో కొట్టుకుందని ఇంటికెళ్లాక గానీ నాకు అర్థం కాలేదు.

మూడో షాక్ తర్వాత రెండు నిమిషాలకు మళ్లీ చూశాను. ఈసారి మానిటర్ మీద వరసగా బీట్లు వస్తున్నాయి. వాటిలో ఒక్కోదానికి సరిగ్గా ఒక్కోసారి, లోపలి నుంచి ఎవరో నా వేలిని తోస్తున్నట్టు తగిలింది. ఆ తేడా నా వేళ్లు ఇంకా మర్చిపోలేదు.

పల్స్ చూడ్డానికి మాకున్న గడువు పది సెకన్లు. ఛాతీ నొక్కడం ఆగగానే గుండె కండరానికి రక్తం తోసే ఒత్తిడి పడిపోతుంది. దాన్ని మళ్లీ పైకి తేవాలంటే ఒకటి రెండు నొక్కులు చాలవు, వరసగా చాలా పడాలి. అందుకే తెలియకపోతే 'లేదు' అనుకోవాలి. వెతుకుతూ కూర్చుంటే ఆ నష్టం పేషెంట్‌కే.

శిక్షణ ఉన్న మాకే ఇంత కష్టమని తెలిసే, 2000లో వచ్చిన అంతర్జాతీయ మార్గదర్శకాలు మామూలు జనానికి పల్స్ చూసే పని తీసేశాయి. మీ ముందు ఎవరైనా కుప్పకూలి, పిలిస్తే పలకకుండా, శ్వాస లేకుండా ఉంటే మెడ తడమకండి. అంబులెన్స్‌కి ఫోన్ చేయించి, ఛాతీ మధ్యలో నిమిషానికి 100 నుంచి 120 సార్లు, పెద్దవాళ్లకైతే కనీసం 5 సెంటీమీటర్ల లోతుకు నొక్కండి. చేపలా నోరు తెరుస్తూ అప్పుడొకటి అప్పుడొకటి ఎగశ్వాస తీసినా అది శ్వాస కింద లెక్క కాదు. దాన్ని చూసి ఆగిపోయిన వాళ్ల గురించి విన్నప్పుడల్లా నాకు కడుపులో దేవినట్టవుతుంది.

ఇప్పుడు కొత్తగా వచ్చిన పిల్లలు మెడ మీద వేళ్లు పెడితే నేను పక్కన నిలబడి పైకే లెక్కపెడతాను. పది అనగానే, నాడి కచ్చితంగా దొరికితే తప్ప, చేతులు మళ్లీ ఛాతీ మీదికి వెళ్లాల్సిందే.