‘కనిపించడం లేదు’ అని రాయమన్నారు

ఎఫ్‌ఐఆర్ నకలు నిన్న సాయంత్రం చేతికి వచ్చింది. కోపం ఇంకా చల్లారలేదు.

నెల్లూరు జిల్లాలో సముద్రం పక్క ఊరు మాది. రొయ్యల గుంట కౌలు నా పేరు మీదే ఉంది. ఒక రాత్రి, గుంట నీళ్లకు గాలి అందించే ఏరియేటర్ల మోటార్లు మూడు ఎవరో విప్పుకుపోయారు. వైర్లు కోసి ఉన్నాయి, బోల్టులు గట్టు మీదే పడి ఉన్నాయి.

ఉదయం తొమ్మిదికి ఫిర్యాదు రాసుకుని స్టేషన్‌కు వెళ్లాను. స్టేషన్‌లో రాతపని చూసే రైటర్ చదివి, “దొంగతనం అని ఎందుకమ్మా? మోటార్లు కనిపించడం లేదని రాసి తీసుకురా, వెతుకుతాం” అన్నాడు. కోసిన వైరు ముక్క బల్ల మీద పెట్టాను. దాన్ని పక్కకు నెట్టి, “మీ ఇంట్లో మగవాళ్లెవరూ లేరా?” అని అడిగాడు. బెంచీ మీద మూడింటి దాకా కూర్చోబెట్టారు. నా తర్వాత వచ్చినవాళ్లు పని చూసుకుని వెళ్లిపోయారు. రశీదు అడిగితే, “మా మీద నమ్మకం లేదా?” అని అందరి ముందు గద్దించాడు. రాత్రంతా మేత వేసి, తెల్లారి నీళ్లు చూసుకునే మనిషిని నేను. ఆ రోజు బస్సులో తల ఎత్తలేకపోయాను. అయినా ఆ ఒక్క మాట మార్చి రాయలేదు. మీరూ మార్చకండి. ‘కనిపించడం లేదు’ అని సంతకం పెడితే దొంగే ఉండడు, కేసూ ఉండదు.

సోమవారం నెల్లూరులో ఎస్పీ గారి కార్యాలయంలో అర్జీ ఇచ్చాను. అది తిరిగి మా స్టేషన్‌కే వచ్చింది. సమస్య తీరిందని సంతకం పెట్టమని వాళ్లే ఫోను చేశారు. పెట్టలేదు.

నేరుగా హైకోర్టుకు వెళ్లమని బంధువులు చెప్పారు. లాయరు గారు ఒప్పుకోలేదు. స్టేషన్‌లో కేసు కట్టకపోతే ముందు ఎస్పీకి, తర్వాత మేజిస్ట్రేట్‌కు చెప్పుకోవాలని సుప్రీంకోర్టు 2007లోనే సకిరి వాసు కేసులో చెప్పిందట. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న, క్రిమినల్ కేసులు నడిపే పద్ధతి చెప్పే చట్టం భారతీయ నాగరిక్ సురక్షా సంహితలోనూ అదే వరుస: సెక్షన్ 173(4) కింద ఎస్పీకి రాతపూర్వకంగా పోస్టులో ఫిర్యాదు, ఆ తర్వాత 175(3) కింద మేజిస్ట్రేట్‌కు ప్రమాణపత్రంతో దరఖాస్తు. రిజిస్టర్డ్ పోస్టులో పంపాను. అందినట్లు కార్డు వచ్చింది. ఆ కార్డును, పోస్టాఫీసు రశీదును పాసుపుస్తకంలా దాచుకోండి. కోర్టులో మొదట చూసింది వాటినే.

మేజిస్ట్రేట్ గారు పోలీసుల వాదన కూడా తెప్పించుకున్నారు. విచారిస్తున్నామని వాళ్లు రాశారు. మా గట్టు మీదికి ఒక్కరూ వచ్చింది లేదు. ఫిర్యాదులోనే వారెంటు లేకుండా అరెస్టు చేయదగిన నేరం కనిపిస్తుంటే ఎఫ్‌ఐఆర్ కట్టి తీరాలని 2013లో లలితా కుమారి కేసులో వచ్చిన తీర్పును లాయరు గారు చదివి వినిపించారు. కేసు నమోదు చేయమని ఉత్తర్వు వచ్చింది.

నకలు ఉచితంగా ఇవ్వాలి, డబ్బు అడిగితే ఇవ్వకండి. నాకు ఆ రైటరే ఇచ్చాడు. అక్కడే నిలబడి మొత్తం చదివాను. మూడో పంక్తిలో ‘దొంగతనం’ అని ఉంది.