నాన్నే దిగనంటున్నాడు

రాజమండ్రి నుంచి అంతర్వేదికి బైక్ మీద బయల్దేరాం, నేనూ మా ఆరేళ్ళ వాడూ. వాళ్ళమ్మ టెన్షన్‌తో వాణ్ణి వెనక కూర్చోబెట్టి, చున్నీతో నా నడుముకి కట్టేసింది. దాంతో దారి పొడుగునా వాడి ప్రశ్నలన్నీ నా వీపుకే. ఇంట్లో మా ఇద్దరికీ పెద్దగా మాటలుండవు. హోంవర్క్ అయిందా, ఫోన్ పక్కన పెట్టు, అంతే.

ధవళేశ్వరం దగ్గర ఆగాం. కాటన్ దొర పాత ఆనకట్టని 1847లో మొదలుపెట్టి 1852కల్లా పూర్తిచేశాడనీ, ఇప్పుడున్న బ్యారేజీకి 175 గేట్లనీ ముందురోజు రాత్రే చెప్పి ఉంచా. "గుర్రం మీదుండే తాతేనా?" అని మాత్రం అడిగి, గేట్లు లెక్కపెట్టడంలో పడ్డాడు. నలభై దాటాక లెక్క తప్పింది. "మళ్ళీ ఒకటి నుంచా?" అన్నాడు దిగులుగా.

లొల్ల లాకుల దగ్గర మాత్రం వాణ్ణి కదిలించలేకపోయా. కాలవలో నీటిమట్టం ఇటొకలా అటొకలా ఉంటుంది కదా. అందుకే ఈ లాకుల్లోకి దిగువ నుంచి పడవ రాగానే వెనక తలుపు మూసేసి, పైనుంచి నీళ్ళు వదిలేవారు. నీళ్ళతోపాటు పడవా లేచేది, అప్పుడు ముందు తలుపు తీసేవారు. కాసేపు ఆలోచించి, "పడవకి మెట్లెక్కడం రాదు కాబట్టి నీళ్ళే ఎత్తుకుంటాయన్నమాట" అన్నాడు. నా పాఠం కంటే అదే బాగుంది.

ఆత్రేయపురంలో పూతరేకుల కోసం బోర్లించిన కుండ మీద పిండిగుడ్డ ఇలా పరిచి అలా లాగుతోంది ఒకావిడ. ఒక రేకు తీసి వాడి చేతిలో పెట్టింది. చెమటకి మెత్తబడి అరచేతికే అంటుకుపోతే, చెయ్యంతా నాకేశాడు.

మా నాన్నతో వచ్చినప్పుడు ఆయన ముందు నడిచేవారు, నేను వెనకాల. ఏదైనా అడగాలంటే భయం.

అంతర్వేదిలో నరసింహస్వామి దర్శనం, గోదావరి పాయ వశిష్ఠ సముద్రంలో కలిసే అన్నాచెల్లెళ్ల గట్టు చూసుకుని సఖినేటిపల్లి రేవుకొచ్చాం. అక్కడ గోదావరి దాటించే పంటు ఎక్కాం. బళ్ళూ ఆటోలూ ఎక్కుతుంటే కాళ్ళ కింద ఇనప రేకు ధనధనమంటోంది. వాడికి ఒకటే ఆనందం. అవతల నరసాపురంలో మాకేం పని లేదు. అయినా వెళ్ళి, అదే పంటులో తిరిగొచ్చాం. "మళ్ళీ?" అన్నాడు. మళ్ళీ ఎక్కాం.

ఈలోగా వాళ్ళమ్మ ఫోన్. నేను తీసేలోపే లాక్కుని చెప్పాడు: "వచ్చేద్దామంటే నాన్నే దిగనంటున్నాడమ్మా!"