మూసేసిన కొండదారి తెరిపించాం – నా అనుభవం

నిన్న అనుమతి కాగితం చేతికొచ్చింది. షరతులతోనే అయినా కొండ మీది నడకదారి తెరుస్తున్నారు. ఇలాంటి ఫైలు పెట్టబోయేవాళ్లకి పనికొస్తుందని అన్నీ గుర్తుండగానే రాస్తున్నాను.

భూమి ఎవరి అధీనంలో ఉందో తేల్చుకోవడం, హద్దుల పటం తీయించడం, దరఖాస్తు ఇవ్వడం వారంలో అయిపోయాయి. తేదీ ముద్రతో రసీదు తీసుకోండి. అది లేకపోతే దరఖాస్తు ఇవ్వనట్టే.

ప్రాణం విసిగించింది ఆ తర్వాత ఆఫీసువాళ్లు పెట్టిన కొర్రీ. ‘రోజుకు గరిష్ఠంగా ఎంతమంది? అంకె వేయండి.’ వంద అని వేశాం. ఆధారం లేదని వెనక్కి పంపారు. యాభై అన్నాం. ‘మొన్న వంద, ఇవాళ యాభై, మరి రేపెంత?’ అని సెక్షన్‌లో అందరి ముందూ అడిగితే నోట మాట రాలేదు. మూడోసారి నడిచే హక్కు, ప్రకృతి ప్రేమ అంటూ రెండు పేజీలు రాసి, సంతకాల కట్ట జోడించాం. అంకె గడి ఖాళీగా ఉందని అదీ తిరిగొచ్చింది. ఆ సంతకాలు ఎవరూ తిరగేసి చూడలేదు.

అసలు చిక్కు అంకె అడగడంలోనే ఉంది. పచ్చిక మీద ఎక్కువ నష్టం చేసేది మొదట నడిచే కొద్దిమందే. నేల బోసిపోయి గట్టిపడ్డాక అదే బాటలో ఇంకొందరు నడిచినా కొత్తగా పోయేది తక్కువ. వాన రోజున ఆ కొందరే బురద తప్పించుకుంటూ అంచులు తొక్కితే బాట వెడల్పవుతూ పోతుంది. అమెరికా అటవీ శాఖ 1985లో ప్రచురించిన ‘ఆమోదించదగిన మార్పు హద్దులు’ పద్ధతి కూడా ఇదే చెబుతుంది: ఎంతమంది అని కాదు, ఎంత మార్పు దాకా ఒప్పుకుంటాం అని అడగాలి.

నాలుగోసారి కొలతలు పెట్టాం. ప్రతి 50 మీటర్లకు బాటకు అటూ ఇటూ రెండు మేకులు, మధ్య బిగువుగా తాడు, తాడు నుంచి బాట అడుగుభాగం దాకా టేపు. వెడల్పు, లోతు, బయటపడ్డ చెట్ల వేళ్లు, అడ్డదారులు అన్నీ రాసి, అక్కడే నిలబడి ఫొటో. ఒకచోట టేపు 23 సెంటీమీటర్లు దిగింది. అక్కడ కొండ వాలు 20 శాతం, బాట వాలు 18. బాట వాలు కొండ వాలులో సగం దాటితే నీళ్లు పక్కకు జారిపోవు, బాటనే కాలువ చేసుకుంటాయి. అడ్డంగా రాళ్లు పేర్చితే చాలనేవాళ్ల మాట నమ్మకండి. రాళ్ల వెనక ఒండ్రు నిండగానే నీళ్లు పైనుంచి దూకుతాయి. ఆ ముక్కను వాలుకు అడ్డంగా మళ్లించి, 60 సెంటీమీటర్ల బాటకు బయటి అంచు 3 సెంటీమీటర్లు కిందికి ఉండేలా గీసిచ్చాం. పాత బాటను ఎండుకొమ్మలతో మూస్తాం. లేకపోతే దగ్గరదారి అని జనం అక్కడే దిగుతారు. వాళ్లంటే నాకు ఒళ్లు మంట.

అంకె గడిలో ఇలా రాశాం: ‘ఏ మేకు దగ్గరైనా లోతు 5 సెంటీమీటర్లు పెరిగితే ఆ భాగం మూసేస్తాం. నేల నానిన రోజుల్లో పూర్తిగా మూత. డేగలు గూడు పెట్టిన బండ వైపు పిల్లలు ఎగిరేదాకా ఎవరినీ పంపం.’

తనిఖీ ఒక పూటలో ముగిసింది. కొర్రీ పెట్టినాయనే టేపు పట్టుకుని మూడుచోట్ల కొలిచి సంతకం పెట్టారు.

మేకులు మాత్రం పైకి కనిపించేలా వదలకండి, పీకేస్తారు. నేలమట్టానికి దించి, కదలని రెండు బండల నుంచి దూరం కొలిచి రాసుకోండి. వానలు పోయాక మళ్లీ కొలవాల్సింది అక్కడే.